పరంగి పండు లేదంట, బొప్పాయి ఉందంట

నిన్న సాయంత్రం అనంతపురం పాతూరులో బండి కాడ నిలబడి "పరంగి పండు కిలో ఎంతప్పా" అని అడిగినా. ఆ పిల్లోడు నా మొగం జూసి "అట్లాంటిది లేదు సార్, బొప్పాయి ఉంది" అన్న్యాడు. చేతిలో కత్తి, కత్తి కింద సగానికి కోసిన పరంగి పండు, నల్ల గింజలు కింద పరిచిన పేపరు మీద రాలి ఉండాయి, అయినా లేదంటాడు. మా జేజి బతికినన్నాళ్ళూ పరంగి పండు అనే అనింది, మాది రాయదుర్గం పక్క, బోర్డరు దాటితే కన్నడమోళ్ళు కూడా పరంగి హణ్ణు అనే అంటారు. మా ఇంట్లో పిల్లలకైతే ఆ మాట తెలీనే తెలీదు.

సరే, బొప్పాయి మాత్రం అచ్చ తెలుగా అంటే అదీ కాదు. పపాయా అనే మాటే మన నోట్లో పడి బొప్పాయి అయ్యింది, అది కరీబియన్ దీవుల పక్క మనుషుల మాట, స్పెయినోళ్ళ నోట పడి లోకమంతా తిరిగింది. చెట్టు పుట్టింది మెక్సికో, మధ్య అమెరికా పక్క. అంటే బొప్పాయి అనేది పుట్టింటి పేరు, పరంగి అనేది తెచ్చినోళ్ళ పేరు. ఆ తెచ్చినోళ్ళు పోర్చుగీసోళ్ళు, 1498లో వాస్కో డ గామా కాలికట్‌లో దిగినాక వాళ్ళ ఓడల్లో మనకు ఏమేం వచ్చినాయో రాస్తే ఈ పోస్టు చాలదు.

పరంగి, ఫిరంగి రెండూ ఒకటే మాట. మన పెద్దోళ్ళ నోట్లో ఫ పలకదు గదా, కాఫీని కాపీ అంటారు, ఆఫీసును ఆపీసు అంటారు, అట్లనే ఫరంగి పరంగి అయ్యింది, తమిళోళ్ళదీ అదే కత, మద్రాసులో సెయింట్ థామస్ మౌంటును పరంగిమలై అంటారు. ఇంకా వెనక్కి పోతే ఫ్రాన్సు దేశానికి పేరిచ్చిన ఫ్రాంకులనే జాతి కాడికి పోతాం. 1096లో మొదలైన క్రూసేడు యుద్ధాల్లో అరబ్బులు యూరపు నుంచి వచ్చినోళ్ళనందర్నీ, వాడు ఏ దేశపోడైనా సరే, ఫరంజ్ అనేసినారు. మనం బయటి రాష్ట్రపోళ్ళందర్నీ హిందీవాళ్ళు అనేస్తాం చూడండి, అట్ల. పారశీకంలో అది ఫరంగ్, ఆడ్నుంచి ఫిరంగీ అయి మన దేశానికి వచ్చింది. మీ పక్క ఈ మాట ఇంకా ఎవురన్నా వాడతాండారా?

కామెంట్లు

ఆదోని నుంచి: మా అవ్వ అంటుండె. కానీ పరంగి అనేది మన మాటే సార్, అన్నీ బయట్నుంచే వచ్చినాయంటే ఎట్ల? పర అంటే వేరే, అంగి అంటే చొక్కా. వేరే రకం అంగి తొడుక్కున్నోడు పరంగి. కోటు ప్యాంటు గదా వాళ్ళది.

నా జవాబు: అన్నా, కథ మాత్రం సూపర్, మా పిల్లలకు చెప్తా. కానీ ఇథియోపియాలో తెల్లోణ్ణి ఫెరెంజ్ అంటారు, థాయ్‌లాండులో ఫరాంగ్ అంటారు, వాళ్ళకు మన అంగి ఏం తెలుసు? పోర్చుగీసోళ్ళు మన ఒడ్డు తొక్కకముందే అరబ్బు పుస్తకాల్లో ఈ మాట ఉండాది. ఇన్ని దేశాల్లో ఒకే మాట, ఒకే అర్థం, దోవ కూడా కనపడతాంది, అప్పుడు చొక్కా కాడ ఆగితే ఎట్ల.

ధర్మవరం నుంచి: మరి ఫిరంగి అంటే తోపు గదా, పండుకూ తోపుకూ ఏం సంబంధం? పరంగి కాయ చూస్తే తోపు గుండు మాదిరి ఉంటాది కాబట్టా 😀

నా జవాబు: గుండు కాదు గానీ తెచ్చినోడు ఒకడే. వాళ్ళ తుపాకులు, తోపులు అంత పేరు తెచ్చుకున్న్యాయి, మనిషి పేరే వస్తువుకు అంటుకుంది. 1526 పానిపట్టు యుద్ధంలో బాబరు కాడ ఉన్న తోపుల్ని ఆయనే ఫిరంగీలని రాసుకున్న్యాడు. మరాఠోళ్ళ కాడ ఫిరంగి అంటే యూరపు అలుగు బిగించిన కత్తి. మన పక్క కత చూడాలంటే 1520 రాయచూరు, కృష్ణదేవరాయల దండులో పోర్చుగీసు తుపాకీలోళ్ళు కొంతమంది ఉన్న్యారు.

జమ్మలమడుగు నుంచి: రాయచూరు ఎందుకు సార్, మా గండికోట పెట్టుకొని? వజ్రాల వ్యాపారి తావెర్నియే 1652లో మా గండికోటకు వచ్చినాడు, గోల్కొండ సుల్తాను మంత్రి మీర్ జుమ్లాను చూసేకి. కోట అప్పటికే మీర్ జుమ్లా చేతికి వచ్చింది. మీర్ జుమ్లాదేమో పారశీక దేశం, తావెర్నియేది ఫ్రాన్సు, కోటలో తోపులు పోసేకి పెట్టుకున్న మేస్త్రీ కూడా బూర్జ్ ఊరి ఫ్రెంచోడే, పేరు మయే. గుళ్ళల్లో రాగి విగ్రహాలు తెప్పించి కరిగించమన్న్యారంట, గండికోట గుడి విగ్రహాలు కొన్ని మాత్రం ఎంత మంట పెట్టినా కరగలేదని, చివరికి ఆయప్ప ఒక్క తోపు గూడా సక్కంగా పోయలేక కొలువు వదిలి పోయినాడని తావెర్నియేనే రాసినాడు. నేను చిన్నప్పట్నుంచి ఆ మాధవరాయల గుడిలో ఆడుకున్నోణ్ణి, పెన్నేటి గండి చూసేకి వచ్చేటోళ్ళకు ఈ సంగతి చెప్తే ఎవురూ నమ్మరు, సెల్ఫీ తీసుకొని పోతారు.

నా జవాబు: అబ్బా, ఇది కదా కామెంటు అంటే! ఫ్రాంకు అనే మాట ఫ్రాన్సు కాడ పుట్టి, అరబ్బులు, పారశీకుల నోట్లో నలిగి ఫిరంగి అయ్యి మన దగ్గరికొస్తే, మళ్ళా అదే ఫ్రాన్సు మనిషి మీ కడప జిల్లాకొచ్చి ఫిరంగి పోయబోయి చేతులు కాల్చుకున్న్యాడు. ఇంతకన్నా ఏం కావాలప్పా.

ప్రొద్దుటూరు నుంచి: మాది మూలికల అంగడి. పరంగి చెక్క అని అమ్ముతాం, లేత ఎర్రగా, ఎండిన దుంప ముక్కలు. మా నాయన చెప్పేది ఇది పరంగి రోగానికి మందు అని. ఆ రోగం పేరు ఇంగ్లీషులో సిఫిలిస్, గ్రూపులో ఆడోళ్ళుండారు, ఎక్కువ చెప్పను.

నా జవాబు: చెప్పినా తప్పులేదులే అన్నా. భావమిశ్రుడు 16వ శతాబ్దంలో రాసిన భావప్రకాశం అనే ఆయుర్వేద పుస్తకంలో దాన్ని ఫిరంగ రోగం అనే పెట్టినాడు. మీ చెక్క ఉత్తరాదిలో చోప్‌చీనీ, పేరులోనే చీనా ఉండాది, దుంప వచ్చింది చైనా నుంచి. చైనా దుంపకు మనం పెట్టుకున్న పేరు ఫ్రాన్సోళ్ళది, ఆ రోగాన్నేమో ఫ్రాన్సులో ఇటలీ జబ్బనీ ఇటలీలో ఫ్రాన్సు జబ్బనీ ఒకరి మీదికొకరు తోసుకున్న్యారు.

కర్నూలు నుంచి: టాపిక్ పక్కకు పోతాంది గానీ, మరి సీమచింత సంగతేంది? సీమోళ్ళం మనమే గదా, సీమచింతకాయ మనదేనా?

నా జవాబు: కాదు మేడమ్, అదీ మెక్సికో పక్కదే 😀 ఆ సీమ అంటే తెల్లోని సీమ, సీమ దొర, సీమసున్నం అన్నట్టు. మనకు రాయలసీమ అనే పేరు పెట్టుకున్నది 1928లో నంద్యాల సభలో, అంతకుముందు దత్తమండలాలే, అంటే నిజాం ఇంగ్లీషోళ్ళకు ఇచ్చేసిన జిల్లాలు. ఇంగ్లీషులో దాన్ని మనీలా చింత అంటారు, మెక్సికో నుంచి స్పెయినోళ్ళ ఓడలు 1565 నుంచి 1815 దాకా మనీలాకు తిరిగినాయి. తమిళోళ్ళు మన శనక్కాయను మనీలా అంటారు, అదీ దక్షిణ అమెరికా పంటే. మన అనంతపురం బతుకంతా ఆ శనక్కాయ మీదే ఉండె.

ఇంకోటి చెప్పి ఆపుతా. థాయ్‌లాండులో ఫరాంగ్ అంటే తెల్లోడూ అదే, జామకాయా అదే. గ్రీసు దేశంలో మన గుట్టల మీద ఉండే నాగజెముడు మాదిరి చెట్టు పండును ఫ్రాంకుల అంజూరం అంటారు. మనకు బొప్పాయి, వాళ్ళకు జామ, ఇంకొకరికి నాగజెముడు పండు, మూడూ అమెరికా పండ్లే, మూడింటికీ పేరు మాత్రం పరంగే.

అప్‌డేట్: ఈ పొద్దు మళ్ళా అదే బండి కాడికి పోయినా. నేను నోరు తెరవకముందే ఆ పిల్లోడు పక్క బండోనితో "అదో పరంగి సార్ వచ్చినాడు" అంటాండాడు.