కూరగాయల తొక్కుకు జాడీ చాలా, సీసాల్లో మరిగించాలా?

హన్మకొండ గృహిణి:
మా అమ్మాయి డాలస్‌లో ఉంటుంది. అక్కడివాళ్ళు క్యాబేజీ, పచ్చి టమాటా, ఉల్లిగడ్డ సన్నగా తరిగి, వెనిగర్, చక్కెర, ఆవాలు వేసి ఉడికించి, గాజు సీసాల్లో నింపి, ఆ సీసాలనే నీళ్ళలో ముంచి మరిగిస్తారట. ఏడాది నిల్వ ఉంటుందట. నేను అవే కూరగాయలతో మన పద్ధతిలో నూనె పోసి తొక్కు పెట్టాను. మా ఆయనకు బీపీ అని ఉప్పు సగానికి తగ్గించాను. ఇరవై రోజులకే సీసా మూత ఉబ్బింది. ఈసారి నేనూ మరిగించాలా?

జనగామ పెద్దమ్మ:
మరిగించడమేమిటి తల్లీ! నలభై ఏళ్ళుగా మామిడికాయ తొక్కు పెడుతున్నాను, ఒక్క జాడీ చెడలేదు. ముక్కకు తడి ఉండకూడదు, గరిటెకు తడి ఉండకూడదు, పైన నూనె తేలాలి. ఎనుమాముల మార్కెట్‌లో చపాటా మిర్చి కొని పట్టించిన కారమైతే ఆ ఎరుపే వేరు. బీపీ ఉన్నవాళ్ళు తొక్కు తక్కువ తినాలి గాని, తొక్కులో ఉప్పు తగ్గిస్తారా?

రిటైరైన కెమిస్ట్రీ సారు:
ముందు ఆ సీసాను పారేయండి. పులిసి ఉబ్బిందో, ఇంకేదైనా పుట్టిందో నాలుకతో పరీక్షించవద్దు.

పెద్దమ్మ గారి జాడీని కాపాడింది నూనె కాదు, మామిడి పులుపు, ఆమె తగ్గించని ఉప్పు. పులుపును కొలిచే పీహెచ్ అంకె ఎంత తగ్గితే అంత పులుపు. పచ్చి మామిడిది 3 దగ్గర ఉంటుంది, క్యాబేజీది 5 పైనే. 4.6 దాటినచోట, గాలి తగలకపోతే, బొటులినమ్ అనే సూక్ష్మజీవి విషం తయారు చేయగలదు. నూనె చేసేది గాలిని ఆపడమే కదా! బూజును అడ్డుకుంటుంది, దీనికి మాత్రం పరుపు వేస్తుంది. నూటికి 10 పాళ్ళ ఉప్పు ఉంటే ఇది పెరగలేదు. మీరు ఆ కాపలానూ తీసేశారు. పోనీ మరిగిద్దామంటే, దీని సిద్ధబీజాలు, అంటే గట్టి పొరలో నిద్రపోయే రూపాలు, 100 డిగ్రీలకు చావవు, ఒత్తిడిలో 121 డిగ్రీలు కావాలి. అమెరికావాళ్ళు మామూలు మరుగునీటితో సరిపెట్టుకోగలిగేది వెనిగర్ పోసినందువల్లే.

జనగామ పెద్దమ్మ:
పులుపే కావాలంటే చింతపండు దండిగా వేసి, నూనె తొక్కునే సీసాలో పోసి మరిగిస్తే సరి.

రిటైరైన కెమిస్ట్రీ సారు:
ఆ రెండూ కలపకండి. నూనె పొరలో ఉన్న బీజానికి వేడి సరిగా తగలదు, అంచుకు నూనె అంటితే మూత పట్టదు. చింతపండు పులుపు కాయకాయకూ మారుతుంది. వెనిగర్‌కైతే లెక్క ఉంటుంది.

ములుగు రోడ్డు వంటవాడు:
నేను చేసి చూశాను. మొదటిసారి వెనిగర్ వాసనకు మా మామయ్య నూడుల్స్ బండి గుర్తొస్తోందని పళ్ళెం పక్కకు జరిపారు. తరవాత తోచింది. చింతకాయ తొక్కును ఉప్పు, పసుపుతో దంచి దాచి, తినే రోజున పోపు పెట్టుకుంటాం కదా, ఇదీ అంతే. పరీక్షించిన కొలతల ప్రకారం వెనిగర్ పోసి, నూనె లేకుండా సీసాల్లో నింపాను. మూతల మీద అంగుళం నీళ్ళు ఉండేలా పది నిమిషాలు మరిగించాను. తెరిచిన రోజున వెల్లుల్లి, ఎండుమిర్చి, ఇంగువతో తాలింపు. మామయ్య రెండోసారి అడిగి వేయించుకున్నారు. జామ్ సీసాల పాత మూతలు మాత్రం వాడకండి, నావి రెండు పట్టలేదు. ముక్క కాస్త మెత్తబడుతుంది, అది ఒప్పుకోవాలి.

జనగామ పెద్దమ్మ:
మెత్తబడితే అది తొక్కు కాదు నాయనా, కూర. నేను మామిడికాయ దాటి రాను.

హన్మకొండ గృహిణి:
పారేశాను. మా వీధి కొట్లో దొరికిన వెనిగర్ సీసా మీద 4 శాతం అని ఉంది. పనికొస్తుందా సార్?

రిటైరైన కెమిస్ట్రీ సారు:
ఆ కొలతలన్నీ 5 శాతానికి రాసినవి. దీన్ని ఫ్రిజ్‌లో పెట్టి వారంలో తినేసే తొక్కుకు వాడుకోండి.