అమ్మాయి ఇంటి గోడల నిండా అక్షింతల పురుగులు, ఏం చేయాలి?

తిరుచానూరు_మిద్దెతోట
అందరికీ నమస్కారం. మా అమ్మాయి అమెరికాలో, ఒహాయోలో ఉంటుంది. అక్టోబరు ఎండ కాసిన రోజల్లా వాళ్ల ఇంటి పడమటి గోడ మీద నారింజ రంగు అక్షింతల పురుగులు (అక్కడ లేడీబగ్ అంటారు) వందల్లో వాలుతున్నాయట. కిటికీ సందుల్లోంచి పూజగదిలోకీ వచ్చేశాయి. ఒకదాన్ని చీపురుతో నొక్కితే గోడ మీద పసుపు మరక పడింది, పుచ్చిన వేరుశనగ కాయల వాసన వచ్చింది. మనవరాలిని కరిచిందని అమ్మాయి కంగారు పడుతోంది. ఇంకొక సందేహం. ఇక్కడ మా మిద్దె మీద వంగ ఆకుల అడుగున పసుపు గుడ్లు గుంపులుగా ఉన్నాయి. ఇవీ ఆ జాతివేనా? ఉంచాలా, తీసేయాలా?

చంద్రగిరి_వంగతోట
ఆ గుడ్లను ఈ రోజే చిదిమేయండి అమ్మా. అక్షింతల పురుగు రైతు నేస్తం, మందు కొట్టవద్దని ఒక మందుల దుకాణంలో చెబితే నమ్మాను. రెండు వారాల్లో నా అర ఎకరం వంగ ఆకులన్నీ జల్లెడలయ్యాయి. పచ్చదనమంతా గోకి తినేసి ఈనెలు మిగిల్చాయి. నేస్తానికీ శత్రువుకూ ఒకే పేరు పెట్టి పిలిస్తే రైతు ఏమైపోవాలి? వంగను తినేదాని వీపు మీద 28 మచ్చలు ఉంటాయి, ఒంటి మీద సన్నని నూగు ఉండి మెరుపు ఉండదు. దాని పిల్ల పసుపు రంగులో ఒళ్లంతా ముళ్లతో ఉంటుంది. మొక్కల రసం పీల్చే పేనుబంకను తినే మంచి పురుగు నున్నగా మెరుస్తుంది, దాని పిల్ల నల్లగా, చిన్న మొసలిలా ఉంటుంది.

పుత్తూరు_వాసి
అక్షింతల పురుగంటే ఆరుద్ర పురుగే కదా? తొలి వానకు ఎర్రగా, మఖమలు గుడ్డలా మెత్తగా నేల మీద నడుస్తుంది. చిన్నప్పుడు అరచేతిలో పెట్టుకుని ఆడుకున్నాం. దాన్ని చంపమని ఎలా చెబుతున్నారు?

31ఏళ్ల_అనుభవం
పూర్తిగా పొరపాటు. తిరుపతి వ్యవసాయ కళాశాలలో చదివి, 31 ఏళ్లు పొలాల వెంట తిరిగినవాణ్ణి, నా మాట వినండి. ఆరుద్ర పురుగుకు ఎనిమిది కాళ్లు, అది సాలీడు వర్గానికి చెందింది. అక్షింతల పురుగుకు ఆరు కాళ్లు, గట్టి పెంకు రెక్కలు. ఈ మాత్రం తేడా తెలియకుండా చర్చల్లోకి రాకూడదు.

పుత్తూరు_వాసి
తెలియకనే అడిగాను. మా అమ్మమ్మ ఎర్రగా కనిపించిన ప్రతి చిన్న పురుగునూ ఆరుద్ర అనే పిలిచేది. ఆమె కాళ్లు లెక్కపెట్టలేదు, కానీ ఆ పురుగు కనబడితే వేరుశనగ విత్తనాలు బయటికి తీసేది. ఏ ఏడూ పంట చెడలేదు. రాకూడదని అనడానికి మీరెవరు?

31ఏళ్ల_అనుభవం
అమ్మమ్మగారి పట్ల నాకు గౌరవమే. తప్పు పేరు వల్ల చంద్రగిరి ఆయన పంట పోయింది, అందుకే గట్టిగా చెప్పాను.

మందారం_మదనపల్లె
పేర్ల గొడవ పక్కన పెట్టండి, నా బాధ వినండి. మందారానికి పిండినల్లి (రసం పీల్చే తెల్లటి పురుగు) పడితే దాన్ని తినే నల్ల పురుగులను, నారింజ తల ఉన్నవాటిని, డబ్బు పెట్టి తెప్పించుకున్నాను. పది రోజులకు కొమ్మల నిండా తెల్లటి మైనపు పోగుల పురుగులు కనిపించాయి. పిండినల్లి ఎక్కువైందనుకుని కుంకుడు రసంతో కడిగేశాను. అవి నేను తెప్పించుకున్నవాటి పిల్లలేనట! అచ్చం పిండినల్లిలాగే ఉంటాయని అమ్మినవారు ఒక్క మాట చెప్పలేదు. ఇప్పటికీ ఆ మొక్క చూస్తే మనసు పాడవుతుంది.

31ఏళ్ల_అనుభవం
ఆ జాతిని 1898లోనే ఆస్ట్రేలియా నుంచి మన దేశానికి తెచ్చారు. పిల్ల చకచకా కదులుతుంది, పిండినల్లి దాదాపు కదలదు. కడిగే ముందు పుల్లతో తాకి చూడాల్సింది.

బంగారుపాళ్యం_మామిడి
పుల్లతో తాకే ఓపిక మామిడి రైతుకు ఎక్కడుంది సార్? పూత మీద తేనెమంచు పురుగు కనబడగానే పక్క తోటవాళ్లు పట్టపగలు మందు కొడతారు. తేనెటీగలు, అక్షింతల పురుగులు అన్నీ చస్తాయి. ఆ గాలి నా తోతాపురి చెట్ల మీదికీ వస్తుంది. పూత విచ్చుకున్నాక కొట్టవద్దని కాళ్లు పట్టుకున్నంత పని చేశాను, వినలేదు.

చంద్రగిరి_వంగతోట
కొట్టకపోతే మీ దిగుబడి నిలిచిందా? అది చెప్పండి ముందు.

బంగారుపాళ్యం_మామిడి
నిలిచింది. పూత విచ్చుకోక ముందే ఒక్కసారి కొట్టి ఆపేశాను. మా తోటకు వచ్చి చూడండి.

తిరిగొచ్చిన_తిరుపతి
ఆ తల్లి అడిగింది అమ్మాయి ఇంటి గురించి, ఎవరూ చెప్పలేదు! నేను పెన్సిల్వేనియాలో ఆరేళ్లు ఈ బాధ పడ్డాను. అది తూర్పు ఆసియా పురుగు. పేనుబంకను తింటుందని అమెరికావాళ్లే తెచ్చుకున్నారు, 1916లో కాలిఫోర్నియాలో మొదలుపెట్టి చాలాసార్లు వదిలారు. 1988లో లూసియానాలో స్థిరపడినట్లు బయటపడింది. తల వెనక తెల్లటి భాగం మీద నల్లటి ఎం అక్షరంలాంటి గుర్తు ఉందేమో చూడమనండి. గుడ్డు మూడు నుంచి అయిదు రోజుల్లో పగులుతుంది, పిల్ల రెండు వారాలు ఎదుగుతుంది, ఇంకో వారం లోపే రెక్కల పురుగు. అదంతా చెట్ల మీద జరిగేదే. ఇంట్లోకి వచ్చేది చలి గడపడానికి మాత్రమే. లోపల గుడ్లు పెట్టదు, బట్టలు కొరకదు, కలప తినదు.

నొక్కితే మాత్రం కాళ్ల కీళ్లలోంచి పసుపు ద్రవం వదులుతుంది, మరకా వాసనా దానివే. చీపురు వద్దు. వాక్యూమ్ గొట్టం లోపల పాత మేజోడు తొడిగి, మూతి దగ్గర రబ్బరు బ్యాండు వేసి లాగితే అన్నీ మేజోడులో పడతాయి. ఇంట్లో మందు చల్లవద్దు. గోడల లోపల చచ్చినవాటిని తినడానికి వేరే పురుగులు చేరతాయి. వచ్చే ఏడు సెప్టెంబరు లోపే కిటికీ సందులు పూడ్పించండి. నేను రెండేళ్లు అక్టోబరులో పూడ్చి మోసపోయాను, అప్పటికే లోపల చేరి ఉన్నాయి.

31ఏళ్ల_అనుభవం
సరిగ్గా చెప్పారు. కాటుకు విషం లేదు, చురుక్కుమంటుంది అంతే. కొందరికి వాటి వల్ల ముక్కు కారడం, ఆయాసం వస్తాయి. పాపకు దగ్గు వస్తే వైద్యుడికి చూపించండి.

తిరుచానూరు_మిద్దెతోట
వీడియో కాల్‌లో చూశాను, ఎం గుర్తు ఉంది. మేజోడు పద్ధతితో ఒక్క పూటలో గ్లాసుడు పురుగులు తీసిందట. పాపకు దగ్గు లేదు. మా వంగ ఆకుల మీద కూడా పసుపు ముళ్ల పిల్లలే బయటికొచ్చాయి, చంద్రగిరి అన్నా. పది ఆకులు తుంచి సబ్బు నీళ్ల బకెట్‌లో వేశాను.

పుత్తూరు_వాసి
పక్కనే బంతి మొక్క మీద నల్ల మొసలి పిల్లలు ఉన్నాయేమో చూశారా? వాటినీ వేయలేదు కదా?