ఆడపిల్లల బాల్యం మీద ఏయే పుస్తకాలు ఉన్నాయి? గురుకులం అల్మారా కోసం సలహా కావాలి

పరకాల టీచరమ్మ (ప్రశ్న):

అందరికీ నమస్కారం. నేను పరకాల దగ్గర ఒక బాలికల గురుకులంలో ఎనిమిది, తొమ్మిది, పది తరగతులకు తెలుగు చెబుతున్నాను. మా పూర్వ విద్యార్థిని తల్లిగారు ఒకరు పుస్తకాల కోసం ఆరు వేల రూపాయలు ఇచ్చారు. ఒక అల్మారా కూడా ఖాళీగా ఉంది.

దసరా సెలవులకు ముందు సాయంత్రం స్టడీ అవర్‌లో పిల్లలకు ముళ్ళపూడి వెంకటరమణ గారి ‘బుడుగు’, నామిని గారి ‘పచ్చనాకు సాక్షిగా’, ఖదీర్‌బాబు గారి ‘దర్గామిట్ట కతలు’ నుంచి కొన్ని భాగాలు చదివి వినిపించాను. పిల్లలు పడీపడీ నవ్వారు, ఇంకా చదవమన్నారు. అయితే తొమ్మిదో తరగతి అమ్మాయి ఒకతె లేచి, “టీచర్, ఇవన్నీ పోరగాండ్ల కతలే గదా, మా కతలు లేవా?” అని అడిగింది. బుడుగు పక్కన సీగాన పెసూనాంబ ఉంది కదా అన్నాను కానీ, ఆమెను కూడా బుడుగు కళ్లతోనే చూస్తున్నామని ఆ మాట నోట్లో ఉండగానే నాకు తెలిసిపోయింది.

ఆ రోజు నుంచి వెతుకుతున్నాను. మన సాహిత్యంలో ఆడపిల్ల కనబడేది ఎక్కువగా బాలవధువుగానో, పద్దెనిమిదేళ్లు దాటి ప్రేమలో పడిన నాయికగానో, లేదంటే పిల్లల తల్లిగానో. ఎనిమిదేళ్ల నుంచి పదిహేనేళ్ల మధ్య ఆమె ఏం ఆడుకుంది, దేనికి భయపడింది, ఎవరి మీద అలిగింది అనే విషయాలు ఎక్కడ రాసి ఉన్నాయో చెప్పగలరా? నవలే కావాలని లేదు. నాటకం, ఆత్మకథ, పాట, బొమ్మల పుస్తకం, ఏదైనా సరే. తెలుగులో దొరికితే పిల్లలే చదువుకుంటారు, ఇంగ్లీషులో మాత్రమే ఉంటే నేను చదివి కథగా చెబుతాను.

భాషానిలయం పాఠకుడు (హన్మకొండ):

టీచర్ గారికి నమస్కారం. నేను ఉద్యోగ విరమణ చేసి పదేళ్లయింది, ఉదయం పూట ఎక్కువగా 1904లో స్థాపించిన మా రాజరాజనరేంద్ర ఆంధ్ర భాషానిలయం గ్రంథాలయంలోనే గడుపుతాను. మీ అమ్మాయి అడిగిన ప్రశ్న ఈ వయసులో నన్ను కూడా కొంచెం సిగ్గుపడేలా చేసింది, ఎందుకంటే నేను ఇన్నేళ్లుగా చదివిన పుస్తకాలను ఆ కోణం నుంచి ఎన్నడూ చూడలేదు.

‘కన్యాశుల్కం’ సంగతే తీసుకోండి. 1892లో మొదట ప్రదర్శించారు, 1897లో అచ్చయింది, గురజాడ దానిని తిరగరాసి 1909లో మళ్లీ ప్రచురించారు. కథంతా సుబ్బి అనే చిన్నపిల్లను లుబ్ధావధాన్లుకు ఇచ్చి చేసే పెళ్లి చుట్టూ తిరుగుతుంది, కానీ ఆ సుబ్బి గొంతు మనకు దాదాపు వినబడనే వినబడదు. ఆమె పెళ్లి గురించి తండ్రి మాట్లాడతాడు, తల్లి ఏడుస్తుంది, మేనమామ కరటకశాస్త్రి ఎత్తు వేస్తాడు. చివరికి పెళ్లికూతురి వేషంలో లుబ్ధావధాన్లు ఇంటికి వెళ్లి, అక్కడ మాట్లాడి, మనల్ని నవ్వించేది కూడా కరటకశాస్త్రి శిష్యుడైన ఒక మగపిల్లవాడే. ఆడపిల్లల బాధ మీద మనకున్న గొప్ప నాటకంలో ఆడపిల్ల స్థానంలో నిలబడి మాట్లాడింది అబ్బాయి అన్న సంగతి మీ పిల్లలకు చెప్పి చూడండి. ఆ నాటకాన్ని తక్కువ చేయాలని నేను ఈ మాట అనడం లేదు. సుబ్బి ఏమనుకుని ఉంటుందో రాయమంటే మీ తరగతికి అంతకంటే మంచి వ్యాసరచన అంశం దొరకదు.

అదే గురజాడ రాసిన ‘పుత్తడిబొమ్మ పూర్ణమ్మ’లో మాత్రం పూర్ణమ్మ మనకు కనబడుతుంది. ఆమె పూలు కోసి దుర్గను పూజించే పూజారి బిడ్డ. డబ్బుకు ఆశపడిన తండ్రి ఆమెను ముసలివాడికి కట్టబెడతాడు. అన్నదమ్ములకు చెప్పవలసిన మాటలు చెప్పి, ఆమె కొలనుకు వెళ్లిపోతుంది. చిన్నపిల్లలకు అర్థమయ్యే పదాలతో ఉంటుంది కాబట్టి గట్టిగా చదవడానికి బాగుంటుంది, అయితే చదివిన తరువాత ఆ సాయంత్రం మీరు వాళ్ల దగ్గరే ఉండవలసి వస్తుంది.

నవలల్లో నా ఓటు బిభూతిభూషణ్ బందోపాధ్యాయ రాసిన ‘పథేర్ పాంచాలి’కి. ఇది బెంగాలీలో 1929లో పుస్తకంగా వచ్చింది, మద్దిపట్ల సూరి గారు తెలుగు చేశారు. అందరూ దీనిని అపు కథ అంటారు. కానీ మొదటి సగమంతా నడిపించేది వాడి అక్క దుర్గ. తోటల్లో రాలిన కాయలు ఏరుకునేది, పులుపు కోసం ఇంట్లోంచి ఉప్పూ నూనే దొంగిలించేది, తల్లి చేతి దెబ్బలు తినేది, పక్కింటి వాళ్లు దొంగ అని తిడితే నోరెత్తకుండా నిలబడేది ఆమే. మంచం పట్టినప్పుడు, తనకు రైలు చూపించమని తమ్ముణ్ణి అడుగుతుంది, చూడకుండానే పోతుంది. ఆ తరువాత ఎప్పుడో, ఆమె దొంగిలించి దాచిన చిన్న బంగారు భరిణె అపు చేతికి దొరుకుతుంది. వాడు ఎవరికీ చెప్పకుండా దానిని వెదురు పొదల్లోకి విసిరేస్తాడు. సినిమాలో అది దండ అయింది, నవలలో భరిణె. ఆడపిల్లకు కూడా ఆకలీ ఆశా దొంగబుద్ధీ ఉంటాయని ఇంత ప్రేమగా రాసిన పుస్తకాన్ని నేను మరొకటి చూడలేదు.

మానుకోట చదువరి:

టీచరక్కా, పెద్దాయన చెప్పిన పుస్తకాలన్నీ గొప్పవే, కాదనడానికి నేనెవరిని? కానీ నేను అయిదో తరగతి నుంచి పదో తరగతి వరకు హాస్టల్లో చదువుకున్న దానిని కాబట్టి ఒక మాట అనకుండా ఉండలేకపోతున్నాను. పూర్ణమ్మ కొలనులో పడింది, దుర్గ జ్వరంతో పోయింది, ‘కన్యాశుల్కం’లో సుబ్బి అక్క బుచ్చమ్మ బాలవితంతువు. ఇంటికి దూరంగా ఉండి, రాత్రి దుప్పటి కింద ఏడ్చే పిల్లలకు ఆడపిల్ల కథ అనగానే చావు కథే వస్తుందని మనం అలవాటు చేయకూడదు. దుఃఖం వాళ్లకు మనం నేర్పవలసినది కాదు.

అందుకే అల్మారాలో మొదట పెట్టవలసిన పుస్తకం ‘రైలుబడి’ అని నా అభిప్రాయం. ఇది జపాన్‌కు చెందిన తెత్సుకో కురొయనాగి 1981లో రాసిన ‘టోటో చాన్’కు తెలుగు. ఒకటో తరగతిలోనే బడి నుంచి పంపించివేసిన పిల్ల ఆమె. చేసిన తప్పేమిటంటే పాఠం జరుగుతుండగా కిటికీ దగ్గర నిలబడి వీధిలో పోయే వాయిద్యాల వాళ్లను పిలవడం, డెస్కు మూతను మాటిమాటికీ తెరిచి మూయడం. తల్లి ఆమెను పాత రైలుపెట్టెల్లో నడిచే టొమొయె అనే బడికి తీసుకువెళితే, అక్కడి హెడ్‌మాస్టరు కొబయాషి గారు ఆమె చెప్పినదంతా నాలుగు గంటలసేపు కూర్చుని విన్నారు. అక్కా, మన పిల్లల్లో ఎంతమంది మాటను ఎవరైనా పావుగంట విన్నారు? యుద్ధంలో 1945లో బాంబులు పడి ఆ బడి కాలిపోయింది, అది కూడా పుస్తకంలో ఉంది. అంటే ఇందులో దుఃఖం లేదని కాదు, ఉన్నా పిల్ల చిన్నబోలేదు.

రెండవది గోగు శ్యామల గారి కథలు. ‘ఏనుగంత తండ్రి కన్నా ఏకుల బుట్టంత తల్లి నయం’ సంపుటం ఇంగ్లీషులో కూడా 2012లో వచ్చింది. అందులో ఒక కథలో తన బిడ్డను దేవత పేరిట ఊరికి వదిలేసే జోగినిగా మార్చాలని ఊరి పెద్దలు నిర్ణయిస్తే, తండ్రి రాత్రికి రాత్రి ఆమెను ఊరు దాటించి హాస్టల్లో చేర్పిస్తాడు. హాస్టలును శిక్షగా కాక ప్రాణం నిలిపిన చోటుగా చూపించిన కథ అది. జోగినీ ఆచారాన్ని నిషేధిస్తూ ఉమ్మడి రాష్ట్రంలో 1988లో చట్టం వచ్చిందని కూడా దానితోపాటు చెప్పవచ్చు. మన జిల్లా రచయిత్రి జూపాక సుభద్ర గారి ‘రాయక్క మాన్యం’ కూడా తీసుకోండి. ఆ పుస్తకాల్లోని భాష మీ పిల్లల ఇంటి భాషే కాబట్టి, తాము మాట్లాడే మాట అచ్చులో చూసుకున్నప్పుడు వాళ్ల ముఖాలు ఎలా వెలుగుతాయో మీరే చూస్తారు. పాలమూరు మాట వినాలంటే పాకాల యశోదారెడ్డి గారి ‘మా ఊరి ముచ్చట్లు’ ఉన్నది.

మా చినగూడూరు వాడైన దాశరథి రంగాచార్య గారి ‘చిల్లర దేవుళ్లు’లో ఒకే గడీలో పెరిగిన ఇద్దరమ్మాయిలు ఉన్నారు, ఒకరు దొర బిడ్డ మంజరి, ఇంకొకరు ఆడబాప, అంటే గడీలో దాసిగా ఉండే పిల్ల, వనజ. ఇది పదో తరగతి దాటిన తరువాత చదవవలసిన పుస్తకం, ఇప్పుడే వద్దు.

జనగామ నుంచి ఒక పాఠకుడు:

రెండు మాటలు మాత్రం చెబుతాను. స్త్రీశక్తి సంఘటన 1986లో ప్రచురించిన ‘మనకు తెలియని మన చరిత్ర’ను పెద్దవాళ్ల చరిత్ర పుస్తకం అని పక్కన పెట్టకండి. తెలంగాణ సాయుధ పోరాటంలో పాల్గొన్న స్త్రీలు చెప్పిన మాటలు అవి, అందులో చాలామంది పోరాటంలోకి వచ్చినప్పుడు మీ విద్యార్థినుల కంటే నాలుగైదేళ్లే పెద్ద. మల్లు స్వరాజ్యం గారి ‘నా మాటే తుపాకీ తూటా’లో మొదటి అధ్యాయాలు విడిగా చదివించవచ్చు. భూస్వాముల ఇంట పుట్టిన పిల్ల, పదేళ్లు దాటీ దాటని వయసులో, ఇంటి వాళ్లను కాదని కూలి వాళ్లకు గింజలు పంచిందంటే, అది బాల్యం కథ కాక మరేమిటి?

రెండవది, పుస్తకాల కంటే ముందే ఆడపిల్లలు తమ బాల్యాన్ని పాటగా కట్టుకున్నారు. బతుకమ్మకు ముందు మహాలయ అమావాస్య వరకు జరిగే బొడ్డెమ్మ పెళ్లికాని పిల్లల పండుగ. మన వరంగల్ జిల్లా దేవనూరులో పుట్టిన బిరుదురాజు రామరాజు గారి ‘తెలుగు జానపద గేయ సాహిత్యము’ తెచ్చి అల్మారాలో పెడితే, అందులో ఉన్న పాటల్లో తమకు వచ్చినవి ఏవో, రానివి ఏవో పిల్లలే వెతుక్కుంటారు.

బొమ్మల పుస్తకాల పిచ్చి (కాజీపేట):

మేడమ్, వేరే ప్రక్రియలు కూడా అడిగారు కాబట్టి నేను వస్తున్నాను. మర్జానె సత్రాపి ఫ్రెంచిలో 2000 సంవత్సరం నుంచి ప్రచురించిన ‘పెర్సెపొలిస్’ ఇరాన్‌లో గడిచిన తన బాల్యాన్ని నలుపు తెలుపు బొమ్మల్లో చెబుతుంది. 1979 విప్లవం నాటికి ఆమెకు తొమ్మిదేళ్లు. బడిలో ముసుగు తప్పనిసరి చేస్తే పిల్లలు ఆ ముసుగులతో ఆటలాడుకునే బొమ్మ మొదటి పేజీల్లోనే ఉంది. పెద్దలు చట్టం చేస్తారు, పిల్లలు దానిని ఆటవస్తువు చేసుకుంటారు. హింస ఉన్న పేజీలు ఉన్నాయి, మీరు ముందు చదివి ఏవి చూపాలో నిర్ణయించుకోండి.

ఆన్ ఫ్రాంక్ డైరీ ఎలాగూ తెస్తారు. అయితే దానిని అమాయకపు పిల్ల రాసుకున్న కాగితాలుగా పరిచయం చేయవద్దని నా మనవి. 1942 జూన్‌లో పదమూడో పుట్టినరోజుకు వచ్చిన ఆ నోటుపుస్తకంలో రాయడం మొదలుపెట్టింది. యుద్ధకాలపు డైరీలు భద్రపరచాలని 1944 మార్చిలో రేడియోలో విన్న తరువాత, అచ్చు వేయించాలనే ఉద్దేశంతో తన రాతను తానే మొదటి నుంచి దిద్ది తిరగరాసింది. ఆగస్టులో నాజీలకు పట్టుబడే నాటికి ఆ పని పూర్తి కాలేదు. 1947లో తండ్రి అచ్చు వేయించినప్పుడు తల్లి మీద రాసిన కొన్ని కటువైన మాటలను, శరీరం గురించి రాసిన కొన్ని భాగాలను తీసేశారు. పదిహేనేళ్ల పిల్ల తన వాక్యాలను తానే సరిదిద్దుకుందని తెలిస్తే, కాపీ రైటింగ్ మీద విసుక్కునే మీ పిల్లలు కొంచెం ఆలోచిస్తారేమో.

కల్పన కావాలంటే రొకేయా హుసేన్ 1905లో మద్రాసు నుంచి వచ్చే ఒక ఇంగ్లీషు పత్రికలో ప్రచురించిన ‘సుల్తానాస్ డ్రీమ్’ చిన్న కథ, ఒక పీరియడ్‌లో చెప్పేయవచ్చు. మగవాళ్లు ఇళ్లల్లో పరదాలో ఉంటే, ఆడవాళ్లు ఎండ వేడితో వంట చేసుకుంటూ దేశాన్ని నడిపే లోకం అది. అల్లరి పిల్ల కావాలంటే స్వీడన్ వాళ్ల పిప్పి ఉంది. ఆస్ట్రిడ్ లిండ్‌గ్రెన్ జబ్బుపడి మంచంలో ఉన్న కూతురికి చెప్పిన కథలు 1945లో పుస్తకమయ్యాయి. గుర్రాన్ని ఎత్తగలిగే పిల్ల, అమ్మానాన్న దగ్గర లేకుండా ఒంటరిగా ఇల్లు నడుపుకుంటుంది. హాస్టల్ పిల్లలకు ఆమె ఎందుకు నచ్చుతుందో వేరే చెప్పనక్కరలేదు.

పరకాల టీచరమ్మ:

అందరికీ కృతజ్ఞతలు. సమాధానం ఆలస్యమైంది, యూనిట్ పరీక్షల పేపర్లు దిద్దుతున్నాను. మానుకోట చెల్లెలు చెప్పిన మాట నాకు బాగా తగిలింది, కాబట్టి ‘రైలుబడి’ మొదట కొంటాను, అది కూడా ఒకటి కాదు, నాలుగు ప్రతులు. శ్యామల గారివి, సుభద్ర గారివి ఆ వెంటనే. ‘పథేర్ పాంచాలి’ని మాత్రం తీసేయలేను. దుర్గ చనిపోతుందన్న కారణంతో ఆమె దొంగతనాలను పిల్లలకు దక్కకుండా చేయడం న్యాయం కాదనిపిస్తోంది.

ఇకపోతే పెద్దాయన చెప్పిన వ్యాసరచన నిన్ననే ఇచ్చాను. ముందు కథ చెప్పి, సుబ్బి తన పెళ్లి గురించి ఏమని ఉంటుందో ఒక పేజీ రాయమన్నాను. నలభై రెండు మందిలో ముప్పై మంది దాకా సుబ్బి చేత ఏడిపించి, బాల్యవివాహాల మీద ఉపన్యాసం ఇప్పించారు, అవి మేము నేర్పిన మాటలే. కానీ ఒకమ్మాయి సుబ్బి తల్లిని ఒకే ప్రశ్న అడిగినట్టు రాసింది. అత్తగారింటికి తన గచ్చకాయలు తీసుకుపోవచ్చా, అక్కడ తనతో ఆడేది ఎవరు అని. దానికి తల్లి ఏమీ చెప్పలేదని రాసి పేజీ ఆపేసింది. మొదట ‘మా కతలు లేవా’ అని అడిగిన అమ్మాయే.

ఆమెకు ముందు ఏ పుస్తకం ఇవ్వమంటారు?

భాషానిలయం పాఠకుడు (హన్మకొండ):

అమ్మా, ఆ అమ్మాయికి ముందు ఒక నోటుపుస్తకం ఇవ్వండి. ‘పథేర్ పాంచాలి’ నా దగ్గర పాత ప్రతి ఉంది. అట్ట ఊడింది కానీ పేజీలన్నీ ఉన్నాయి. ఆదివారం పదకొండు గంటల వరకు భాషానిలయంలోనే ఉంటాను, హన్మకొండ వచ్చే పని ఉంటే తీసుకువెళ్లండి.