చింతచిగురు పప్పు: చిగురు కుక్కర్‌లో వేయాలా, దించే ముందు వేయాలా?

పొలంగట్టు: ఉగాది దాటింది, మా చెరువుగట్టు చింతలన్నీ ఎర్రగా చిగురేశాయి. నిన్న సంచి నిండా దూసుకొచ్చాం. మా ఆవిడ కందిపప్పు, చిగురు, పచ్చిమిర్చి అన్నీ కలిపి కుక్కర్ పెట్టేసింది. మా అమ్మ చూసి "చిగురును చంపేశావే" అంది. మధ్యలో నేను. మీ ఇళ్లలో ఎలా చేస్తారు?

కుక్కరమ్మ: అన్నీ ఒకేసారి. ఐదు విజిల్స్, పోపు, అయిపోయింది. ఆఫీసుకు పోయేవాళ్లకి రెండో గిన్నె తోమే ఓపిక ఎక్కడిది?

పాలమూరు పోరి: అక్కా, పులుపు తగిలితే పప్పు త్వరగా మెత్తబడదు, అందుకే మీకు ఐదు విజిల్స్ పడుతున్నాయి. పప్పు విడిగా ఉడికించి మెదిపి పెట్టుకోండి. నూనెలో ఎండుమిర్చి, వెల్లుల్లి, ఉల్లిగడ్డ వేగినాక చిగురు వేస్తే గుప్పెడంత అయిపోయి గోధుమరంగుకు తిరుగుతుంది. పచ్చివాసన పోగానే పప్పు పోసేయడమే. మా దిక్కు మటన్‌లోకీ ఇంతే, ముక్క ఉడికినాకే చిగురు. ఇంకోటి, పులుపుకు అల్యూమినియం కరుగుతుంది. మా నాయనమ్మ మట్టిచట్టి వదిలేది కాదు.

గోదారోడు: పప్పులోకి వేయించక్కర్లేదండీ. నలపడంలో ఉంది అసలు పని. అరచేతుల మధ్య నలిపితే ఆకు పొడిపొడిగా రాలి ఈనెలు చేతిలో మిగులుతాయి, అవి పారేయాలి. కుతకుతలాడే పప్పులో చల్లి ఐదు నిమిషాలు మూత పెడితే చాలు. ఎండురొయ్యలతో అయితే మాత్రం వేయించాల్సిందే.

కుక్కరమ్మ: రోడ్డు పక్క చెట్టు దుమ్ముతో సహా నలిపేస్తారా?

గోదారోడు: కడగొద్దని ఎవరన్నారు? నలిపాక కడిగితే ముద్దయిపోయి పులుపు నీళ్లపాలవుతుంది. రెమ్మల మీద ఉండగానే కడిగి, గుడ్డ మీద నీడన ఆరబెట్టి, అప్పుడు నలపండి.

డల్లాస్ తెలుగు: మాకిక్కడ ఎండబెట్టిన చిగురే గతి. అమ్మ పార్సిల్ పంపుతుంది. దాన్ని పైన చల్లితే నోటికి గడ్డిలా తగులుతుంది. వేణ్నీళ్లలో నానబెట్టి, పప్పు మెత్తబడ్డాక అందులోనే పావుగంట ఉడికిస్తాను. అంటే లేతదానికో లెక్క, ఎండుదానికో లెక్క.

పొలంగట్టు: మిగిలిన చిగురుతో ఇవాళ పాలమూరు పద్ధతిలో చేశాం. అమ్మ మారు వడ్డించుకుంది. మా ఆవిడకూ నచ్చింది కానీ, బాణలి నన్నే తోమమంది.