విజయనగరం, శ్రీకాకుళం జిల్లాల జనాభా, చరిత్ర: ఏ అంకె రాయాలి?

గోస్తని గట్టు:
ఊరి చరిత్ర సంచికలో జిల్లా పరిచయానికి రెండు పేజీలు కేటాయించాం. విజయనగరం జిల్లా జనాభా ఒకచోట 23,44,474 అని ఉంది, ఇంకోచోట 23,42,868, మరోచోట 19.31 లక్షలు. మూడూ 2011 లెక్కలే అంటున్నారు. ఏది రాయాలి? చరిత్ర జిల్లా ఏర్పడిన 1979 నుంచి మొదలెట్టాలా, కోట కట్టిన 1713 నుంచా? అక్షరాస్యత శాతం ఎలా కట్టాలో కూడా చెప్పండి.

లెక్కల మాస్టారు:
మూడూ సరైనవే, కాకపోతే మూడూ ఒకటి కాదు. 23,42,868 అనేది 2011లోనే ముందుగా వదిలిన తాత్కాలిక లెక్క. 23,44,474 తుది లెక్క, పాత 34 మండలాల జిల్లాది. 19.31 లక్షలు అదే తుది లెక్కను 2022 ఏప్రిల్ 4 నాటి జిల్లాల పునర్విభజన తర్వాతి 27 మండలాలకు కుదించింది. శ్రీకాకుళానిదీ ఇదే కథ: తాత్కాలికం 26,99,471, తుది 27,03,114, ఇప్పటి 30 మండలాలకు 21.91 లక్షలు.

సరిచూసుకోవడం తేలిక. పాతవి 38, 34 కలిపితే 72 మండలాలు. కొత్తవి 30, 27, అప్పుడే కొత్తగా ఏర్పడిన పార్వతీపురం మన్యం జిల్లాలో 15, మళ్ళీ 72. జనాభా పాతది 27.03కి 23.44 కలిపితే 50.47 లక్షలు. కొత్తది 21.91, 19.31, 9.25 కలిపినా 50.47. ఈ రెండూ కలవకపోతే ఎక్కడో మండలం జారిపోయినట్టే.

మీరే కట్టుకోవాలంటే 2011 ప్రాథమిక జనగణన సారం పట్టిక తీసుకోండి. శ్రీకాకుళం కోడ్ 542, విజయనగరం 543. ప్రతి మండలానికీ మూడు వరుసలుంటాయి: మొత్తం, గ్రామీణం, పట్టణం. ‘మొత్తం’ వరుస ఒక్కటే ఉంచి మిగతావి వడకట్టండి. మూడూ కలిపేస్తే జనాభా రెట్టింపవుతుంది. అలాగని ఊళ్ళ వరుసలు మాత్రమే కూడితే పట్టణాలు ఎగిరిపోతాయి.

రాజాం రోడ్డు:
మాస్టారూ, ఏ మండలం ఎటు పోయిందో రాయకపోతే ఈ లెక్క ఎవరికీ తేలదు. శ్రీకాకుళం నుంచి విజయనగరానికి వచ్చినవి నాలుగు: రాజాం, వంగర, సంతకవిటి, రేగిడి ఆమదాలవలస. శ్రీకాకుళం నుంచి మన్యానికి నాలుగు: పాలకొండ, సీతంపేట, భామిని, వీరఘట్టం. విజయనగరం నుంచి మన్యానికి పదకొండు. ఏళ్ళు గడిచినా రాజాంను శ్రీకాకుళం జిల్లా అనే రాస్తున్నారు, చూస్తే ఒళ్ళు మండుతోంది.

ఇంకోటి, ఎంపీ సీటును చూసి జిల్లా రాయకండి. ఎచ్చెర్ల విజయనగరం లోక్‌సభలో ఉన్నా జిల్లా శ్రీకాకుళమే. శృంగవరపుకోట విశాఖ లోక్‌సభలో ఉన్నా జిల్లా విజయనగరమే. మెంటాడ సాలూరు అసెంబ్లీలో ఉంది, కానీ 2022 నోటిఫికేషన్‌లో మన్యానికి వెళ్ళలేదు.

వంశధార:
అంకెలు సరే, అసలు సంగతి ఎవరూ అనడం లేదు. 2001 నుంచి 2011కి విజయనగరం పెరిగింది 4.23 శాతం. పదేళ్ళలో 95,220 మంది. శ్రీకాకుళం 6.52. రాష్ట్రం మొత్తం అప్పుడు 10.98 పెరిగింది. అదే పదేళ్ళలో రంగారెడ్డి జిల్లా 48.16 శాతం! మన జనం ఏటైపోనారో అక్కడుంది జవాబు. హైదరాబాద్ చుట్టూ లేచిన ప్రతి అపార్ట్‌మెంటుకూ ఇసుకా సిమెంటూ మోసినోళ్ళలో మనోళ్ళున్నారు. ఆ ముక్క పరిచయంలో రాయాల్సిందే.

మూసీ_నాగావళి:
వలస నిజం. కానీ రంగారెడ్డి 48 శాతాన్ని దానికి రుజువుగా చూపడం తప్పు. రంగారెడ్డి 1978 ఆగస్టు 15న హైదరాబాద్ జిల్లా నుంచి విడదీసిన గ్రామీణ భాగం. నగరాన్ని చుట్టూ ఉంగరంలా పట్టుకుని ఉండేది. హైదరాబాద్ జిల్లా హద్దు అక్కడే ఆగిపోయింది, ఊరు మాత్రం హద్దు దాటి పెరిగింది. కూకట్‌పల్లి, శేరిలింగంపల్లి, ఎల్బీనగర్, మల్కాజిగిరి అన్నీ 2011లో రంగారెడ్డి లెక్కలోవే. 2007లో జీహెచ్‌ఎంసీలో (హైదరాబాద్ మహానగర పాలక సంస్థలో) కలిసిన 12 మున్సిపాలిటీల్లో ఎక్కువ ఆ జిల్లావే. నగరపాలన ఒకటి, జిల్లా వేరు.

ఫలితం ఏమిటంటే హైదరాబాద్ జిల్లా ఆ పదేళ్ళలో పెరిగింది 2.97 శాతమే, విజయనగరం కంటే తక్కువ. ఆ అంకె చూసి హైదరాబాద్ ఖాళీ అయిందంటారా? రాజధాని శివారు జిల్లాను ఇంకో జిల్లాతో పోల్చేముందు హైదరాబాద్, రంగారెడ్డి రెంటినీ కలపండి: 2001లో 74.05 లక్షలు, 2011లో 92.40 లక్షలు. అంటే దాదాపు 25 శాతం. పోల్చాల్సింది దాన్ని.

వంశధార:
25 అయితే మాత్రం తక్కువా? మన నాలుగు శాతం ముందు ఆరింతలు. లెక్క సన్నగా తరిగినంత మాత్రాన బస్సెక్కినోళ్ళు వెనక్కొచ్చేస్తారా?

మూసీ_నాగావళి:
రారు. కానీ అచ్చులో తప్పు పోలిక పడితే మొత్తం పేజీనే నమ్మరు. ఆ రంగారెడ్డి కూడా ఇప్పుడు లేదు. 2016 అక్టోబర్ 11న రంగారెడ్డి, మేడ్చల్-మల్కాజిగిరి, వికారాబాద్ అని మూడయింది. పాత జిల్లా 2011 జనాభా 52,96,741 అంకెను ఇప్పటి రంగారెడ్డికి అంటగట్టేవాళ్ళూ ఉన్నారు.

భావనపాడు:
వలసకు రుజువు మన పట్టికలోనే ఉంటే రంగారెడ్డి దాకా ఎందుకు? శ్రీకాకుళంలో ఆడవాళ్ళు మగవాళ్ళ కంటే 19,638 ఎక్కువ, విజయనగరంలో 21,520 ఎక్కువ. వెయ్యికి 1015, 1019. ఆరేళ్ళలోపు పిల్లల్లో మాత్రం అబ్బాయిలే ఎక్కువ. పుట్టుకలో లేని తేడా పెద్దయ్యాక వచ్చిందంటే ఊరొదిలిన మగాళ్ళ వాటా అందులో గట్టిగా ఉంది.

పైగా 2011 గణన జరిగింది ఫిబ్రవరి 9 నుంచి 28 దాకా. ఆ రోజులన్నీ ఊళ్ళో లేనివాణ్ణి ఎక్కడుంటే అక్కడే రాసుకున్నారు. వరి నూర్పులైపోయి, సంక్రాంతి వెళ్ళాక కూలికి కదిలే కాలం సరిగ్గా అదే. వెరావల్ బోట్ల మీద పనిచేసే మన మత్స్యకారులు అప్పటికి గుజరాత్‌లోనే ఉంటారు. వచ్చే గణనకు ప్రామాణిక తేదీ 2027 మార్చి 1. మళ్ళీ అదే కాలం.

లెక్కల మాస్టారు:
లింగనిష్పత్తిని పూర్తిగా వలస మీదకే తోసేయకండి. ఆడవాళ్ళ ఆయుర్దాయం ఎక్కువ, ముసలివాళ్ళలో వాళ్ళే మిగులుతారు. వయసువారీ పట్టికలో 20 నుంచి 34 దాకా విడిగా చూసి అప్పుడు అనండి.

చంపావతి:
చరిత్ర ప్రశ్న అలాగే ఉండిపోయింది. తాలూకా హద్దుల విషయంలో నా మాటకు వంక పెట్టినవాళ్ళు ఇంతవరకు లేరు, కాబట్టి రాసుకోండి. 1936 ఏప్రిల్ 1న ఒరిస్సా ఏర్పడి గంజాం జిల్లాలో అధిక భాగం అటు పోయింది, ఇచ్ఛాపురం నుంచి చికాకోల్ (శ్రీకాకుళం పాత పేరు) దాకా మిగిలింది విశాఖలో కలిసింది. 1950 ఆగస్టు 15న శ్రీకాకుళం జిల్లా. 1979 జూన్ 1న విజయనగరం: శ్రీకాకుళం నుంచి సాలూరు, బొబ్బిలి, పార్వతీపురం, చీపురుపల్లి తాలూకాలు, మిగతాది విశాఖ నుంచి.

అందరూ పడే గుంట 1969 నవంబర్. అప్పుడు సాలూరు తాలూకాలో 63 ఊళ్ళు, బొబ్బిలి తాలూకాలో 44 ఊళ్ళు తీసి విశాఖ జిల్లాలో కొత్తగా పెట్టిన గజపతినగరం తాలూకాకి ఇచ్చారు. ఆ 107 ఊళ్ళలో ఏదైనా తీసుకోండి: 1961 లెక్క శ్రీకాకుళం పుస్తకంలో, 1971 లెక్క విశాఖ పుస్తకంలో, 1981 లెక్క విజయనగరం పుస్తకంలో ఉంటుంది. ఊరు ఉన్నచోటే ఉంది, జిల్లాలు మూడు. ఇది తెలియక ‘1961లో మా ఊరు లేదు’ అని రాసేస్తారు. 1985లో తాలూకాలు పోయి మండలాలు వచ్చాయి, అందుకే 1981ని 1991తో ఊరువారీగా తప్ప పోల్చకూడదు.

1713 కోట సంస్థానం చరిత్ర, జిల్లాది కాదు. రెండూ రాయండి, ఒకదాంట్లో ఒకటి కలపొద్దు.

రాజాం రోడ్డు:
ఊరువారీగా అన్నారు, పేరుతో వెతికితే దెబ్బతింటారు. వలస అని చివరున్న ఊళ్ళు లెక్కలేనన్ని, కొత్తవలసలే ఎన్నో. 2011 ఆరంకెల ఊరి కోడ్ పట్టుకోండి. సున్నా జనాభా కనబడితే తప్పనుకోకండి, అది బేచిరాగు గ్రామం, అంటే జనం కాపురం లేని ఊరు.

లెక్కల మాస్టారు:
అక్షరాస్యత గురించి అడిగారు. చదవను రాయను వచ్చినవాళ్ళను మొత్తం జనాభాతో భాగించకూడదు. అందులోంచి ఆరేళ్ళ వరకు పిల్లల్ని తీసేసి భాగించాలి. అప్పుడే పాత విజయనగరానికి 58.89, శ్రీకాకుళానికి 61.74 వస్తాయి.

గోస్తని గట్టు:
అందరికీ దండాలు. 19.31 లక్షలు అని పెట్టి, పక్కనే ‘2011 గణన, ప్రస్తుత 27 మండలాలకు’ అని రాస్తాం. శ్రీకాకుళం నుంచి వచ్చినవి రాజాం, వంగర, సంతకవిటి, ఆమదాలవలస.

రాజాం రోడ్డు:
ఆగండాగండి. ఆమదాలవలస కాదు, రేగిడి ఆమదాలవలస. ఉత్త ఆమదాలవలస మండలం శ్రీకాకుళంలోనే ఉంది. అచ్చుకిచ్చే ముందు దిద్దండి.