సొసైటీ ఉద్యోగి మీద యాక్షన్ తీసుకోవాలంటే సరైన పద్ధతి ఏంటండీ?

గట్టుమీదరైతు:
అందరికీ నమస్కారం. మా ఊరి పీఏసీఎస్‌లో (ప్రాథమిక వ్యవసాయ సహకార సంఘం) నేను డైరెక్టర్‌ని. పోయిన ఖరీఫ్‌లో ఎరువుల గోడౌన్‌లో యూరియా తక్కువొచ్చింది, సహకార శాఖ వాళ్ళు సహకార సంఘాల చట్టం సెక్షన్ 51 కింద ఎంక్వైరీ వేశారు, ఆ రిపోర్టు ఇప్పుడొచ్చింది. గోడౌన్ చూసే క్లర్క్ పేరు అందులో ఉంది. ప్రెసిడెంట్ గారేమో రిపోర్టే చేతిలో ఉండగా ఇంకేం కావాలి, వచ్చే మీటింగ్‌లో తీర్మానం చేసి తీసేద్దాం అంటున్నారు. తప్పు చేస్తే వదిలేయమని నేనూ అనను, కానీ ఏళ్ళ తరబడి పనిచేస్తున్న మనిషిని ఏం జరిగిందని ఒక్క మాట అడక్కుండా పంపేయడం నాకు మనసొప్పట్లేదు. రేపు కోర్టుకెళితే సంఘం మీదకే వస్తుందేమోనని భయం కూడా ఉంది. తెలిసినవాళ్ళు చెప్పండి.

పల్లెబాట:
కూర్చోబెట్టి మాట్లాడి రాజీనామా రాయించేసుకోండి అన్నా, గొడవే ఉండదు. మా పక్క సొసైటీలో అలాగే చేశారు.

సహకారమిత్ర (రిటైర్డ్, సహకార శాఖ):
పల్లెబాట గారూ, దయచేసి ఆ సలహా ఎవరికీ ఇవ్వకండి. నలుగురు చుట్టూ కూర్చుని రాయించిన రాజీనామాని బెదిరించి రాయించారని వారం తిరక్కుండా అతనే లెటర్ పెడతాడు, అప్పుడు సంతకం ఎలా పెట్టాడో సంఘమే చెప్పుకోవాలి.

గట్టుమీదరైతు గారూ, మీ భయం న్యాయమైనదే. 51 ఎంక్వైరీ అనేది సంఘం పనితీరు, ఆర్థిక పరిస్థితి మీద. ఉద్యోగి మీద క్రమశిక్షణ చర్య వేరు, దానికి డొమెస్టిక్ ఎంక్వైరీ, అంటే సంఘం తనే జరిపే విచారణ, విడిగా జరగాల్సిందే. ఆ రిపోర్టు మీకు ఆధారంగా పనికొస్తుంది అంతే, దాన్ని చూపించి నేరుగా తీసేస్తే నిలబడదు. డబ్బు రాబట్టడం ఇంకో దారి, అది అదే చట్టంలో సెక్షన్ 60 సర్‌ఛార్జ్, సహకార శాఖ రిజిస్ట్రార్ చేతిలో ఉంటుంది. ఈ మూడూ కలిపేసి ఒకే తీర్మానంలో రాసేసిన మినిట్స్ బుక్కులు నా సర్వీసులో చాలా చూశాను, అసలు తప్పు చేసినవాళ్ళు కూడా ఆ లొసుగుతోనే బయటపడ్డారు, అదే బాధ.

ముందు ఛార్జ్ మెమో (ఆరోపణలు రాసిచ్చే నోటీసు) సరిగ్గా రాయండి. "అవినీతికి పాల్పడ్డారు" అని ఒక్క ముక్క రాస్తే దేనికని సంజాయిషీ ఇస్తాడు? ఫలానా తేదీన స్టాక్ రిజిస్టర్ ప్రకారం 45 కేజీల యూరియా బస్తాలు 212 ఉండాలి, గోడౌన్‌లో లెక్కిస్తే 174 ఉన్నాయి, తేడా 38, బస్తా 266.50 చొప్పున 10,127 రూపాయలు, ఇలా ఉండాలి. లెక్కించినప్పుడు అతను అక్కడున్నాడా, సంతకం పెట్టాడా, గోడౌన్ రెండో తాళం ఎవరి దగ్గరుంది, ఇవన్నీ ఎంక్వైరీలో వస్తాయి. సంజాయిషీకి టైమివ్వండి, అది చదివాక కూడా అనుమానం తీరకపోతేనే ఎంక్వైరీ ఆఫీసర్‌ని వేయండి. స్టాక్ తేడా పట్టుకున్న డైరెక్టర్‌నే ఎంక్వైరీ ఆఫీసర్‌గా వేయకండి, ఆయన సాక్షి అవుతారు. కాగితాలు బల్ల మీద పెడితే రుజువైపోయినట్టు కాదు, వాటి గురించి చెప్పే సాక్షి రావాలి, అతను ఆ సాక్షిని ప్రశ్నలడగాలి, పంజాబ్ నేషనల్ బ్యాంక్ ఉద్యోగి కేసులో 2008లో సుప్రీంకోర్టు ఇదే చెప్పింది.

ఎంక్వైరీ ఆఫీసర్ రిపోర్టు వచ్చాక దాని కాపీ అతనికిచ్చి జవాబు తీసుకోవాలి, ఇది మాత్రం మర్చిపోవద్దు. 1993లో మన హైదరాబాద్ ఈసీఐఎల్ (ప్రభుత్వ ఎలక్ట్రానిక్స్ కంపెనీ) కేసులో సుప్రీంకోర్టు తేల్చిన విషయం ఇది. ఆ తర్వాతే పాలకవర్గం కూర్చుని, కారణాలు రాసి, ఆర్డర్ ఇవ్వాలి. బైలాలో ఆ అధికారం కమిటీకి ఉంటే ప్రెసిడెంట్ గారొక్కరే సంతకం చేస్తే చెల్లదు.

క్యాష్‌కౌంటర్:
నేను ఇంకో జిల్లాలో సొసైటీ ఉద్యోగిని. సార్ చెప్పినవాటికి ఒకటి కలుపుతా, సస్పెండ్ చేస్తే జీతం పూర్తిగా ఆపేయకండి. పాత స్టాండింగ్ ఆర్డర్స్ చట్టంలో (ఉద్యోగ నిబంధనల చట్టం) పెట్టిన లెక్క మొదటి 90 రోజులు సగం జీతం, ఆ తర్వాత ఆలస్యం ఉద్యోగి వల్ల కాకపోతే 75 శాతం, మీ బైలాలో ఏమీ లేకపోతే ఆ లెక్క పట్టుకోండి. భారత్ గోల్డ్ మైన్స్ కేసులో 1999లో సుప్రీంకోర్టు ముందుకొచ్చింది ఇదే, సస్పెన్షన్‌లో పైసా ఇవ్వలేదు, డబ్బుల్లేక ఆ ఉద్యోగి సొంతూరి నుంచి ఎంక్వైరీకి రాలేకపోయాడు, అతను లేకుండానే ముగించేశారు, కోర్టు కొట్టేసింది. ఇంట్లో పిల్లల ఫీజులు ఆగవు కదండీ, నేరం తేలకముందే కుటుంబం మొత్తానికి శిక్ష పడిపోతుంది. ఇంకోటి, రిజిస్టర్లన్నీ మీ దగ్గరే ఉంటాయి, కాపీలివ్వకుండా సంజాయిషీ రాయమంటే ఏం గుర్తుపెట్టుకుని రాస్తాడు?

గట్టుమీదరైతు:
చాలా థాంక్సండీ ఇద్దరికీ. రెండు డౌట్లు. అతను నోటీసు తీసుకోకపోతే ఏం చేయాలి, తీసేశాక సంఘాల వివాదాలు చూసే సెక్షన్ 61 కింద డిపార్ట్‌మెంట్‌కే వెళ్తాడా?

సహకారమిత్ర:
స్పీడ్ పోస్టులో రిజిస్ట్రేషన్‌తో పంపండి, తిరిగొస్తే ఆ కవర్ విప్పకుండా ఫైల్‌లో పెట్టి ఇంకో తేదీ ఇచ్చి ఇంటి గోడకి సాక్షుల ముందు అంటించండి, అప్పటికీ రాకపోతే ఎక్స్‌పార్టీగా, అంటే అతను లేకుండానే, నడపొచ్చు కానీ అప్పుడు కూడా సాక్ష్యం రికార్డు చేయాల్సిందే, రాలేదు కాబట్టి ఒప్పుకున్నట్టే అని రాయకూడదు. 61 సంగతికొస్తే, సర్వీసు గొడవలు సంఘం వ్యాపారానికి సంబంధించిన వివాదం కిందకి రావని 1969లోనే సుప్రీంకోర్టు మన ఉమ్మడి రాష్ట్ర సహకార సెంట్రల్ బ్యాంకుల కేసులో చెప్పింది, కాబట్టి అతను లేబర్ కోర్టు వైపే వెళ్తాడు. అక్కడ మొదట అడిగేది మీ ఎంక్వైరీ ఫైలే. ప్రెసిడెంట్ గారితో మాట్లాడి మీటింగ్ ఎజెండాలో "తొలగింపు" అన్న అంశం ఇప్పుడే మార్పించండి, "ఛార్జ్ మెమో జారీ" అని పెట్టించండి, ఎజెండా సభ్యులకి వెళ్ళిపోతే ముందే నిర్ణయించుకున్నారనడానికి అదొక్కటే చాలు.