రేమండ్ చౌ సినిమాలు "తీశాడా", "తీయించాడా"?

అందరికీ నమస్కారమండీ. హాంకాంగ్ ఫైటింగ్ సినిమాల మీద ఒక వ్యాసం రాస్తున్నా, రేమండ్ చౌ దగ్గరికొచ్చేసరికి ఆయన్ని ఏమనాలో తేలట్లేదు. నిర్మాత అంటే మనకి ముందు డబ్బు పెట్టినాయనే గుర్తొస్తాడు కదా. ఈయన 1958లో హాంకాంగ్ సినిమా స్టూడియో షా బ్రదర్స్‌లో పబ్లిసిటీ చూడ్డానికి చేరి, మెల్లగా ప్రొడక్షన్ వ్యవహారాలన్నీ చూసే స్థాయికొచ్చి, 1970లో లెనర్డ్ హోతో కలిసి బయటికొచ్చి గోల్డెన్ హార్వెస్ట్ అనే సినిమా కంపెనీ పెట్టాడు. షా వాళ్ళ దగ్గర నటులూ డైరెక్టర్లూ అందరూ కాంట్రాక్టు మీద, జీతం మీద పనిచేసేవాళ్ళు, చౌ ఏమో మీ యూనిట్ మీరు నడుపుకోండి లాభంలో వాటా తీసుకోండి అన్నాడు, బ్రూస్ లీ లాంటివాడు ఆయన దగ్గర నిలబడింది అందుకే అని నా నమ్మకం. షా వాళ్ళు చెప్పిన రేటు బ్రూస్ లీకి నచ్చలేదు. చౌ మాత్రం డైరెక్టర్ లో వెయ్ గారి భార్యని అమెరికా పంపి మరీ సంతకం పెట్టించాడు, 1971లో థాయ్‌లాండ్‌లో తీసిన "ది బిగ్ బాస్" అలా వచ్చిందే. ఆ తర్వాత ఇద్దరూ కలిసి కాంకర్డ్ అని సొంత సంస్థే పెట్టుకున్నారు. ఈ పనంతటికీ "నిర్మాత" సరిపోతుందా?

— "నిర్మాణ సారథి" అనొచ్చు కదండీ? మన టైటిల్స్‌లో "నిర్మాణ సారథ్యం" అని వేస్తుంటారుగా. డబ్బు పెట్టినాయనకి ఎటూ "సమర్పణ" ఉంది.

— బాగుందండీ, కానీ వ్యాసంలో పదేపదే వాడితే బరువైపోతుంది. వాళ్ళ కాంటనీస్‌లో కూడా ఈ పనిని "గామ్ జయ్" అంటారు, దగ్గరుండి చూసుకుంటూ తయారుచేయించడం అనే అర్థం వస్తుంది.

— అయితే నామవాచకం కోసం ఎందుకండీ వెతకడం, క్రియలోనే ఉందిగా! డైరెక్టర్ తీస్తాడు, ఈయన తీయిస్తాడు. "బ్రూస్ లీ చేత సినిమాలు తీయించినవాడు" అని రాయండి, సంతకం పెట్టించడం, వాటా ఇచ్చి నిలబెట్టుకోవడం అన్నీ ఆ "ఇంచు"లో వచ్చేస్తాయి.

— అబ్బ, ఇది నాకు తట్టనే లేదు, చాలా థాంక్సండీ. 1972లో "వే ఆఫ్ ది డ్రాగన్"కి ఇది అతికినట్టు సరిపోతుంది, రాసిందీ డైరెక్ట్ చేసిందీ బ్రూస్ లీనే, తీయించింది చౌ. కానీ 1973 "ఎంటర్ ది డ్రాగన్" దగ్గర మాత్రం జాగ్రత్తగా రాయాలి, అందులో నిర్మాతలుగా వెయిన్‌ట్రాబ్, హెల్లర్ పేర్లు వేసి "రేమండ్ చౌతో కలిసి" అని వేశారు, హాలీవుడ్ కంపెనీ వార్నర్ వాళ్ళు ఉన్నారు కాబట్టి అక్కడ "తీయించాడు" అంటే ఎక్కువ చెప్పినట్టవుతుంది. అక్కడికి "భాగస్వామి" అని రాస్తా, మిగతా చోట్ల తీయించాడు అనే ఉంచుతా.